తెన్నేటి విశ్వనాథం: ఉక్కు కొలిమిని చూడకుండానే వెళ్ళిపోయిన ఉక్కు నాయకుడు



2020 అక్టోబరులో ఈదురుగాలులకు లంగరు తెగి ఒక బంగ్లాదేశ్ ఓడ మన విశాఖ తీరానికి కొట్టుకొచ్చిన సంగతి మీలో చాలామందికి గుర్తుండే ఉంటుంది. అది వచ్చి ఆగింది తెన్నేటి పార్కు దగ్గర. నెలల తరబడి జనం ఆ ఓడను చూడడానికి వెళ్ళారు, ఫోటోలు తీసుకున్నారు. ఆదివారం ఆరాధన ముగించుకుని పిల్లలతో బీచ్ రోడ్డుకు వెళ్ళే మన కుటుంబాలకు కూడా ఆ పార్కు బాగా తెలుసు. కానీ ఆ పేరు ఎవరిదని పిల్లలు అడిగితే జవాబు చెప్పగలిగే పెద్దలు ఇప్పుడు కొద్దిమందే ఉన్నారు.

ఉక్కు కర్మాగారం భవిష్యత్తు గురించి ఈ నగరంలో ఇన్నేళ్ళుగా ఇంత చర్చ జరుగుతోంది. ఆ కర్మాగారం ఇక్కడికి రావడానికి ముందు నిలబడిన మనిషిని గురించి తెలుసుకోకుండా ఆ చర్చ పూర్తి కాదని మేము భావిస్తున్నాము. అందుకే ఈ వారం సంపాదకీయ స్థలాన్ని తెన్నేటి విశ్వనాథం గారి జీవితానికి కేటాయిస్తున్నాము.

తొలి రోజులు

విశ్వనాథం గారు 1895లో విశాఖ జిల్లాలో, చోడవరం దగ్గరి లక్కవరంలో జన్మించారు. న్యాయశాస్త్రం చదివి వకీలుగా విశాఖపట్నంలో స్థిరపడ్డారు. ఆ కాలంలో వకీలు వృత్తి అంటే సంపాదనకూ పరపతికీ రాచబాట. అయితే అదే తరంలో చాలామంది వకీళ్ళు గాంధీ పిలుపు విని కోర్టులు విడిచిపెట్టారు. విశ్వనాథం గారు కూడా జాతీయోద్యమంలోకి వచ్చారు. ఉప్పు సత్యాగ్రహం నాటి నుంచి క్విట్ ఇండియా దాకా సాగిన ఉద్యమాల్లో పలుమార్లు జైలుకు వెళ్ళారు.

ఆయన రాజకీయ జీవితమంతా ఆంధ్రకేసరి టంగుటూరి ప్రకాశం పంతులు గారితో ముడిపడి ఉంది. ప్రకాశం గారు 1946 ఏప్రిల్ నుంచి 1947 మార్చి దాకా మద్రాసు రాష్ట్ర ప్రధానిగా పనిచేశారు. సొంత పార్టీలోని వారే ఆయనను దించేశారు. 1951లో ఆయన కాంగ్రెసును వదిలి ప్రజాపార్టీ పెట్టినప్పుడు విశ్వనాథం గారు కూడా ఆయన వెంటే నడిచారు. అప్పటికి అధికారం కాంగ్రెసు చేతుల్లో ఉంది. స్వాతంత్ర్యం కోసం జైళ్ళకు వెళ్ళినవారు దాని ఫలం అనుభవించే వేళలో బయటికి రావడం సులువైన పని కాదు. పెద్దాయన చనిపోయాక కూడా ఆ బంధం తెగలేదు. ప్రకాశం గారి ఆత్మకథ ‘నా జీవిత యాత్ర’ ఆయన చివరి సంవత్సరాల దాకా రాలేదు. మిగిలిపోయిన ఆ భాగాన్ని రాసి గ్రంథాన్ని పూర్తి చేసింది విశ్వనాథం గారే. ఆంధ్ర రాష్ట్రం పుట్టిన రోజుల చరిత్ర చదవాలనుకునేవారికి ఆ భాగం నేటికీ పనికొస్తుంది.

డేరాల రాజధానిలో ఆర్థిక మంత్రి

1952 డిసెంబరు 15న పొట్టి శ్రీరాములు గారు 58 రోజుల నిరాహార దీక్ష తరువాత మద్రాసులో కన్నుమూశారు. 1953 అక్టోబరు 1న కర్నూలు రాజధానిగా ఆంధ్ర రాష్ట్రం ఏర్పడింది. ప్రకాశం గారు ముఖ్యమంత్రి, నీలం సంజీవరెడ్డి గారు ఉపముఖ్యమంత్రి అయ్యారు. ఆర్థిక శాఖ విశ్వనాథం గారికి అప్పగించారు.

ఆ శాఖ ఎంత కష్టమైనదో ఊహించుకోండి. మద్రాసు నగరం తమిళులకు మిగిలింది. కచేరీలకు కట్టడాలు చాలక కర్నూలులో డేరాలు వేశారు. కొత్త రాష్ట్రానికి ఖర్చులు ఎక్కువ, రాబడి తక్కువ. అంత ఇరుకులోనూ ఆ ప్రభుత్వం ఉన్న పదమూడు నెలల్లో తిరుపతిలో శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయం, గుంటూరులో హైకోర్టు ఏర్పడ్డాయి. 1952లో కృష్ణా ఆనకట్టకు గండి పడిన తరువాత అవసరమైన కొత్త బ్యారేజీ పనికి కూడా అప్పుడే పునాది పడింది.

ఆ ప్రభుత్వం కూలిపోయిన తీరు మన పాఠకులకు ఆసక్తి కలిగిస్తుంది. మద్రాసు రాష్ట్రం నుంచి వారసత్వంగా వచ్చిన మద్యనిషేధం అమలులో ఉంది. దాన్ని ఎత్తివేయమని ఎస్.వి. రామమూర్తి కమిటీ సిఫారసు చేసింది. నిషేధం ఎత్తేస్తే ఖజానాకు డబ్బు వస్తుంది. కల్లుగీత మీద బతికే కుటుంబాలకు తిండి దొరుకుతుంది. గౌతు లచ్చన్న గారు ఆ గీత కార్మికుల పక్షాన పోరాడారు. ఆ వాదనను తేలిగ్గా తీసిపారేయలేము. మద్యం మానాలని ప్రసంగించే మన సంఘాలు, మానేసినవాడి ఇంట్లో పొయ్యి ఎలా వెలుగుతుందని కూడా అడగాలి కదా. అయినా ప్రకాశం మంత్రివర్గం నిషేధాన్ని ఎత్తివేయడానికి ఒప్పుకోలేదు. 1954 నవంబరులో అవిశ్వాస తీర్మానం ఒక్క ఓటు తేడాతో నెగ్గి ప్రభుత్వం పడిపోయింది. బొక్కసం ఖాళీగా ఉన్న రాష్ట్రానికి ఆర్థిక మంత్రిగా ఉండి, ఆబ్కారీ రాబడి కాదనుకున్న మంత్రివర్గంతో పాటు విశ్వనాథం గారు కూడా పదవి నుంచి దిగిపోయారు.

విశాఖకే ఉక్కు ఎందుకు?

పట్టుమని పదేళ్ళు గడిచేసరికి విశాఖ మారిపోయింది. 1933లో తెరుచుకున్న ఓడరేవు అప్పటికే తూర్పు తీరంలో ప్రధానమైనది. 1941లో పునాది పడిన ఓడల నిర్మాణ కేంద్రం నుంచి 1948 మార్చిలో ‘జల ఉష’ అనే ఓడను నెహ్రూ గారు నీటిలోకి విడిచారు. 1957లో కాల్టెక్స్ చమురు శుద్ధి కర్మాగారం వచ్చింది. 1960లలో బైలదిల్లా గనుల నుంచి కిరండోల్, కొత్తవలస మీదుగా ఇనుప ఖనిజం మోయడానికి కొండలు తొలిచి రైలుమార్గం వేశారు. ఆ ఖనిజం మన రేవులో ఓడలకెక్కి జపాను వెళ్ళేది. అక్కడ అది ఉక్కుగా మారేది.

‘మన రాయి మన రేవు నుంచే వెళ్ళిపోతుంటే ఉక్కు మాత్రం వేరే దేశంలో తయారవడమేమిటి?’ ఈ ప్రశ్న అడగడానికి ఇంజినీరు కానక్కరలేదు. భిలాయి, రూర్కెలా, దుర్గాపూర్, బొకారో తరువాత ఐదో ప్రభుత్వరంగ ఉక్కు కర్మాగారం ఎక్కడ పెట్టాలో చూడడానికి ఆంగ్లో అమెరికన్ నిపుణుల బృందం ఒకటి దక్షిణాది స్థలాలను పరిశీలించింది. 1965లో విశాఖ అనుకూలమైన చోటని చెప్పింది. సముద్రపు ఒడ్డున ఉంటే విదేశాల నుంచి కోకింగ్ బొగ్గు దించుకోవచ్చు, తయారైన ఉక్కును ఓడల్లోనే పంపవచ్చు. 1966 జూలైలో రాష్ట్ర శాసనసభ కర్మాగారం విశాఖలోనే పెట్టాలని ఏకగ్రీవంగా తీర్మానించింది. కేంద్రం మాత్రం డబ్బు లేదన్నది. ఇతర రాష్ట్రాలు కూడా తమకే కావాలని పట్టుబట్టాయి. నిర్ణయం వాయిదా పడుతూ వచ్చింది.

1966: దీక్ష, కాల్పులు

1966 అక్టోబరు 15న గుంటూరు జిల్లా తాడికొండకు చెందిన టి. అమృతరావు గారు విశాఖ వచ్చి నిరాహార దీక్షకు కూర్చున్నారు. ‘విశాఖ ఉక్కు ఆంధ్రుల హక్కు’ అనే నినాదం రాష్ట్రమంతా మారుమోగింది. కమ్యూనిస్టులు, స్వతంత్రులు, సోషలిస్టులు, విద్యార్థులు, కార్మికులు ఒక్క మాట మీదికి వచ్చారు. ఇన్ని రంగుల జెండాలను ఒక్క తాటిమీద నడపడానికి అందరూ నమ్మే మనిషి ఒకరు కావాలి. ఆ అఖిలపక్ష కార్యాచరణ సంఘానికి నాయకత్వం వహించినవారు విశ్వనాథం గారు. అప్పటికి ఆయన వయసు 71 ఏళ్ళు. చేతిలో మంత్రి పదవి లేదు, వెనుక పెద్ద పార్టీ లేదు. వయసు, జైలు జీవితం, మాట మీద నిలబడతాడన్న పేరు, ఇవే ఆయన బలం.

నవంబరు 1, ఆంధ్రప్రదేశ్ అవతరించి సరిగ్గా పదేళ్ళు నిండిన రోజు. పండుగ జరగవలసిన ఆ రోజున విశాఖ వీధుల్లో పోలీసు కాల్పులు జరిగాయి. ఉద్యమకాలంలో రాష్ట్రం మొత్తంమీద 32 మంది ప్రాణాలు కోల్పోయారు. ప్రతిపక్ష శాసనసభ్యులు రాజీనామాలు చేశారు. ప్రధాని ఇందిరా గాంధీ నుంచి హామీ అందిన తరువాత నవంబరు 3న అమృతరావు గారు దీక్ష విరమించారు.

ఇక్కడ ఒక్క క్షణం ఆగాలని మా మనవి. నాయకుల పేర్లు పార్కులకు పెడతాము. ఆ 32 మంది పేర్లు మనలో ఎంతమందికి తెలుసు? వారు కూడా ఎవరికో కొడుకులు, అన్నదమ్ములు. ఉక్కు కథ చెప్పుకునేటప్పుడు ముందుగా తలవంచవలసింది వారి ముందే.

లోక్‌సభలో స్వతంత్ర సభ్యుడు

కాల్పులు జరిగి నాలుగు నెలలు తిరగకుండానే సాధారణ ఎన్నికలు వచ్చాయి. 1967లో విశాఖపట్నం ఓటర్లు విశ్వనాథం గారిని స్వతంత్ర అభ్యర్థిగా లోక్‌సభకు పంపారు. పార్టీ గుర్తు లేని మనిషిని గెలిపించడం ద్వారా ఈ నగరం ఢిల్లీకి తన మాట వినిపించింది.

హామీ ఇచ్చినంత తేలికగా పని జరగలేదు. మూడేళ్ళు గడిచాయి. 1969 చివరలో కాంగ్రెసు చీలడంతో ఇందిరా గాంధీ ప్రభుత్వానికి లోక్‌సభలో సొంత ఆధిక్యం లేకుండా పోయింది. చిన్న పార్టీల సభ్యులకూ స్వతంత్రులకూ అంతకుముందు లేని విలువ వచ్చింది. 1970 ఏప్రిల్ 17న ప్రధాని పార్లమెంటులో ప్రకటన చేశారు. విశాఖపట్నం, హోస్పేట, సేలం మూడు చోట్లా ఉక్కు కర్మాగారాలు వస్తాయన్నది దాని సారాంశం. అలా ఒక ఊరి కోసం మొదలైన పట్టుదల మరో రెండు రాష్ట్రాలకు కూడా మేలు చేసింది.

ఆ డిసెంబరులో లోక్‌సభ రద్దయింది. 1971 జనవరి 20న ఇందిరా గాంధీ గారు విశాఖలో కర్మాగారానికి శంకుస్థాపన చేశారు. ఆ తరువాతి ఎన్నికల్లో విశాఖ స్థానం పి.వి.జి. రాజు గారికి దక్కింది. విశ్వనాథం గారు పార్లమెంటులో ఉన్నది ఆ ఒక్క విడతే. ఆ విడతలోనే వచ్చిన పని అయింది.

రాయి నుంచి కొలిమి దాకా

శంకుస్థాపన రాయి వేసి ఏళ్ళు గడిచినా పని ముందుకు సాగలేదు. నిధులు రాలేదు. 1979లో సోవియట్ యూనియన్‌తో సహకార ఒప్పందం కుదిరాక గాని కదలిక రాలేదు. అదే ఏడాది నవంబరు 10న విశ్వనాథం గారు 84వ ఏట మరణించారు.

1982లో రాష్ట్రీయ ఇస్పాత్ నిగమ్ ఏర్పడింది. 1990లో ‘గోదావరి’ అని పేరు పెట్టిన మొదటి బ్లాస్ట్ ఫర్నేస్ వెలిగింది. 1992లో రెండోది ‘కృష్ణ’ వెలిగింది. అదే ఏడాది ఆగస్టు 1న ప్రధాని పి.వి. నరసింహారావు గారు కర్మాగారాన్ని జాతికి అంకితం చేశారు. సముద్ర తీరాన కట్టిన దేశపు తొలి సమగ్ర ఉక్కు కర్మాగారం ఇదే. దీక్ష జరిగిన నాటి నుంచి లెక్కిస్తే మొదటి ఇనుము కరగడానికి 24 ఏళ్ళు పట్టింది. విశ్వనాథం గారు పోయి అప్పటికి పదేళ్ళు దాటింది.

నెబో కొండ మీద నిలబడి దూరం నుంచి ఆ దేశాన్ని చూసి, అందులో అడుగుపెట్టకుండానే కన్నుమూసిన మోషే కథ మన పాఠకులకు చెప్పనక్కరలేదు. విశ్వనాథం గారికి ఆ దూరపు చూపు కూడా పూర్తిగా దక్కలేదు. ఆయన చూసింది శంకుస్థాపన రాయిని మాత్రమే.

ఫ్రాన్సులో మరో వకీలు

ఈ వ్యాసానికి సిద్ధపడుతున్నప్పుడు మాకు పదే పదే గుర్తుకు వచ్చిన మరో నాయకుడు ఫ్రాన్సు దేశపు రాబర్ట్ షూమన్. ఆయన 1886లో లక్సెంబర్గ్‌లో పుట్టారు. విశ్వనాథం గారిలాగే వకీలు. రెండో ప్రపంచ యుద్ధంలో 1940లో నాజీ పోలీసులు ఆయనను నిర్బంధించారు. 1942లో తప్పించుకుని యుద్ధం ముగిసేదాకా అజ్ఞాతంలో గడిపారు. యుద్ధం తరువాత ఆర్థిక మంత్రిగా, 1947, 48లలో ప్రధానిగా, 1948 నుంచి 1953 ఆరంభం దాకా విదేశాంగ మంత్రిగా పనిచేశారు.

ఆయన పేరు నిలిచింది కూడా ఉక్కు వల్లనే. 1950 మే 9న ఆయన ఒక ప్రతిపాదన చదివారు. ఫ్రాన్సు, జర్మనీ దేశాల బొగ్గు, ఉక్కు ఉత్పత్తిని రెంటికీ ఉమ్మడిగా ఉండే ఒక పాలక మండలి కింద పెట్టాలని, ఇతర దేశాలు కూడా చేరవచ్చునని దాని భావం. ఫిరంగులు పోయడానికి కావలసింది బొగ్గూ ఉక్కూ. ఆ రెండూ ఉమ్మడి చేతిలో ఉంటే ఒకరిమీద ఒకరు రహస్యంగా ఆయుధాలు తయారు చేసుకోలేరు. 1951లో ఆరు దేశాలు ఒప్పందం మీద సంతకాలు చేశాయి. నేటి ఐరోపా సమాఖ్యకు మూలం అదే. అనుదినం ఆరాధనకు వెళ్ళే సాదాసీదా విశ్వాసిగా బతికిన షూమన్ 1963లో మరణించారు. 2021లో పోప్ ఫ్రాన్సిస్ ఆయన పుణ్యశీలతను అధికారికంగా గుర్తించారు.

ఇద్దరి పరిస్థితులు వేరు. షూమన్ చేతిలో ఒక దేశపు విదేశాంగ శాఖ ఉంది. విశ్వనాథం గారి వెనుక ఉన్నది ఒక ఊరి జనం. అక్కడ ఉక్కు కర్మాగారాలు ఉన్నాయి, వాటిని పంచుకోవడమే సమస్య. ఇక్కడ ఉక్కు లేదు, తెచ్చుకోవడమే సమస్య. అయినా ఇద్దరూ గ్రహించిన సంగతి ఒకటే. ఉక్కు ఎవరి చేతిలో ఉంటుంది, ఎవరికోసం తయారవుతుంది అన్న ప్రశ్న లాభనష్టాల పద్దుతో ముగిసేది కాదు. దాని మీద మనుషుల బతుకులు ఆధారపడి ఉంటాయి.

హక్కు వెంట వచ్చే బాధ్యత

ఈ కథలో మరుగున పడకూడని మరో పక్షం ఉంది. కర్మాగారం కోసం 64 గ్రామాలు లేచిపోయాయి. వేల కుటుంబాలు పొలాలు, తోటలు, ఇళ్ళు, సమాధుల దొడ్లు వదిలి పునరావాస కాలనీలకు వెళ్ళాయి. ఇంటికో ఉద్యోగం వస్తుందని ఆశపడి, ఆర్. కార్డు పట్టుకుని ఎదురుచూస్తూ ముసలివారైనవారు గాజువాక చుట్టుపక్కల మన సంఘాల్లోనే ఉన్నారు. ‘ఆంధ్రుల హక్కు’ అన్నప్పుడు ఆ ఆంధ్రుల్లో వీరు కూడా ఉన్నారు కదా. వీరి బాకీ తీరేదాకా ఉద్యమం గెలిచిందని మనసారా అనలేము.

కర్మాగారం నడకలోనూ ఒడిదుడుకులు తప్పలేదు. మొదట 30 లక్షల టన్నుల సామర్థ్యంతో మొదలై తరువాత 73 లక్షల టన్నులకు పెరిగింది. 2010లో నవరత్న హోదా పొందింది. కానీ దానికి సొంత ఇనుప గనులు ఎన్నడూ దక్కలేదు. ఖనిజం మార్కెట్ ధరకు కొనుక్కోవాలి. అప్పుల మీద వడ్డీ కట్టాలి. 2021 జనవరిలో కేంద్ర మంత్రివర్గం ప్రభుత్వ వాటాను పూర్తిగా అమ్మివేయాలని నిర్ణయించింది. కార్మికులు కూర్మన్నపాలెం దగ్గర దీక్షా శిబిరం వేశారు. 1966 నాటి నినాదం మళ్ళీ గోడలకెక్కింది. 2025 జనవరిలో కేంద్రం 11,440 కోట్ల రూపాయల పునరుద్ధరణ ప్యాకేజీని ఆమోదించింది. కొంత ఊపిరి అందింది. గనుల ప్రశ్న, కాంట్రాక్టు కార్మికుల ప్రశ్న, నిర్వాసితుల ప్రశ్న తీరలేదు.

ఏ పార్టీ వైపు నిలబడాలో చెప్పడం మా పని కాదు. విశ్వనాథం గారి జీవితం నుంచి మేము నేర్చుకున్నవి మాత్రం చెప్పగలము. ఆయన పెద్ద పార్టీని వదులుకున్నారు, ఉన్న పదవి పోగొట్టుకున్నారు. ఒక్క ఓటుతో పడిపోయిన మంత్రివర్గంలో మంత్రిగా మిగిలారు. ఆ లెక్కన చూస్తే ఆయనది ఓడిపోయిన రాజకీయం. కానీ 71 ఏళ్ళ వయసులో ఊరికి అవసరం పడినప్పుడు అన్ని పార్టీలవారూ వెళ్ళి తట్టింది ఆ ఓడిపోయిన మనిషి తలుపునే. అంత కాలం ఆయన కూడబెట్టుకున్నది నమ్మకం. అది అవసరమైన రోజున అప్పుగా దొరకదు.

ఈసారి తెన్నేటి పార్కుకు వెళ్ళినప్పుడు పిల్లలకు ఈ కథ చెప్పండి. ఓడ గురించి చెప్పండి, తప్పులేదు. దానితో పాటు ఆ పేరు ఎవరిదో, ఆ 32 మంది ఎందుకు చనిపోయారో, 64 గ్రామాలవారు ఎక్కడికి వెళ్ళారో కూడా చెప్పండి. మీ సంఘంలో నిర్వాసిత కుటుంబం ఉంటే ఈ వారం వారి ఇంటికి వెళ్ళి కాసేపు కూర్చోండి. వారి ఊరి పేరు అడగండి. ఆ పేరును మీ ప్రార్థనలో జ్ఞాపకం చేసుకోండి.